దట్టీల లెక్క: ఒక పీర్ల పండుగ డాక్యుమెంటరీ డైరీ

ఫిబ్రవరి 16, 2025

ఊరు దొరికింది. అనంతపురం జిల్లా. పేరు మాత్రం ఈ డైరీలో రాయను, కారణం ముందు ముందు తెలుస్తుంది.

పీర్ల పండుగ మీద, అంటే ఊళ్లలో జరిపే మొహర్రం మీద, సినిమా తీస్తున్నానని ఎవరికి చెప్పినా మొదట అడిగేది "గూగూడు వెళ్లావా?" అనే. వెళ్లాను, రెండేళ్ల కిందట. నార్పల మండలం గూగూడు కుళ్లాయిస్వామి పేరు తెలియని ఇల్లు రాయలసీమలో ఉండదేమో. మొహర్రానికి జనం లక్షల్లో వస్తారు. బారికేడ్లు, మైకులు, టీవీ కెమెరాలు, వాటి ముందు నిలబడడానికి పోటీపడే మనుషులు. ఆ సందడిలో నా కెమెరా పెద్దగా పట్టుకునేది ఏమీ లేదనిపించింది. నాకు కావలసింది పండుగ కాదు, పండుగను మోసే పది పన్నెండు ఇళ్లు. దానికి చిన్న ఊరు కావాలి.

ఈ ఊళ్లో రచ్చకట్ట పక్కనే పీర్ల చావిడి ఉంది. పీర్లంటే పండుగకు కర్రలకు బిగించి ఊరేగించే ఇత్తడి గుర్తులు. ఒకటే గది, తలుపుకు తాళం. ముందర ఒక గుంట. ఇప్పుడు అందులో తుమ్మ మొక్కలు, గాలికి కొట్టుకొచ్చిన చిప్స్ కవర్లు. ఇదే అగ్నిగుండమని చెబితే తప్ప తెలియదు.

పీర్లను చూసుకునే ముజావర్ తాత దూదేకుల ఆయన. వాళ్ల నాయన ఊరూరా తిరిగి దూది ఏకేవాడట. ఈయనకు మూడెకరాల మెట్టచేను. పీర్లను చూపిస్తారా అని అడిగాను. నా అజ్ఞానానికి నవ్వాడు.

"పెట్టెలో ఉండారు. నెలపొడుపు కనపడేదాకా తాళం తీయకూడదప్పా."

ఫండింగ్ కోసం రాసిన ప్రతిపాదనలో "మత సామరస్యానికి ప్రతీక" అనే మాట మూడుచోట్ల వాడాను. డబ్బిచ్చేవాళ్లకు ఆ మాట బాగా నచ్చుతుంది. ఈరోజు ఊళ్లో అయిదు గంటలు కూర్చున్నాను, ఆ మాట ఒక్కరి నోటి నుంచీ రాలేదు. ఇంకా మొదటి రోజే కదా అనుకున్నాను.

ఏప్రిల్ 6

అనుమతి గురించి. చావిడి ఎవరిది అంటే ఎవరూ సూటిగా చెప్పరు. తాళంచెవి తాత దగ్గర ఉంటుంది. కట్టెలు ఒక రెడ్ల ఇంటి నుంచి, గుండం తవ్వే పని బోయ వాళ్లది, తప్పెట మాదిగ వాళ్లది, దీపానికి నూనె ఇంకో ఇంటిది. కాబట్టి తాత ఒక్కడు "సరే" అంటే సరిపోదు. ఒక్కో గడపకూ వెళ్లి ఒక్కో "సరే" తెచ్చుకోవాలి. నాలుగు ట్రిప్పులు పట్టింది.

సమ్మతి పత్రాలు పట్టుకెళ్లడం పెద్ద తప్పు. తెలుగులోనే, ఒకే పేజీ, తేలిక మాటలు. అయినా సంతకం అనగానే ముఖాలు మారిపోయాయి. "కాగితం మీద వేలు పెట్టి చేను పోగొట్టుకున్నోళ్లం మేము" అంది ఒక అవ్వ. ఆమెను తప్పుపట్టలేకపోయాను. పత్రాలు సంచిలో పెట్టేసి పద్ధతి మార్చాను. కెమెరా ముందు మనిషి తన మాటల్లో "తీసుకోండి" అని చెబితే దాన్నే రికార్డు చేసుకోవడం. దానితోపాటు నేను ఒక మాట ఇచ్చాను: సినిమా బయటికి వెళ్లేలోపు ఎవరు వద్దన్నా వాళ్ల బొమ్మ తీసేస్తాను. సౌండ్ చూసే తమ్ముడు వ్యాన్‌లో కూర్చోగానే అన్నాడు, "అన్నా, ఈ మాట మన మెడకు చుట్టుకుంటుంది చూడు."

అనుమతుల విషయంలో నాకు ఓపిక నేర్పింది ఒక జర్మన్ దర్శకుడి కథ. ఫ్రాన్స్‌లో ఆల్ప్స్ కొండల నడుమ గ్రాండ్ షార్త్రూజ్ అనే కార్తూజియన్ క్రైస్తవ సన్యాసుల మఠం ఉంది. మౌనమే అక్కడి నియమం. లోపల సినిమా తీసుకోవచ్చా అని 1984లో అడిగితే ఇప్పుడు కాదన్నారు. 16 ఏళ్ల తర్వాత ఇక రావచ్చని కబురు చేశారు. ఆయన ఒంటరిగా వెళ్లి, లైట్లు పెట్టకుండా, ఉన్న వెలుతురులోనే తీశాడు. నాకు నాలుగు ట్రిప్పులే పట్టింది, ఫిర్యాదు చేయకూడదు.

జూన్ 8

టెస్ట్ షూట్. చావిడి పైకప్పు తక్కువ ఎత్తు, చెయ్యి చాపితే అందుతుంది. లోపల ఒకే ట్యూబ్‌లైటు. మన కరెంటు 50 హెర్ట్జ్ కాబట్టి 25 ఫ్రేములు, షట్టర్ 1/50 పెడితే ట్యూబ్‌లైటుతో గొడవ లేదు. పండుగకు కట్టే రంగుల సీరియల్ బల్బులు ఒక తోరణం తెప్పించి వెలిగించి చూశాను. అవి మాత్రం ఏ లెక్కకూ లొంగకుండా తెర మీద మిణుకుమిణుకుమంటూనే ఉన్నాయి. వాటిని ఫ్రేములో వెనక్కి, ఫోకస్ లేకుండా పెట్టుకోవడం తప్ప దారి లేదు. అదనపు లైట్లు వద్దని ముందే అనుకున్నాం. 35 ఎంఎం లెన్సు, ఎఫ్ 1.8, దానితోనే బతకాలి.

అసలు శత్రువు గాలి. జూన్, జులైలో అనంతపురం గాలి సంగతి ఇక్కడివాళ్లకు చెప్పక్కర్లేదు. రామగిరి కొండల మీద గాలిమరలు ఊరికే పెట్టలేదు. మైకుకు బొచ్చు టోపీ తొడిగినా చెవుల్లో గుడగుడ ఆగలేదు. తమ్ముడు చివరికి చావిడి గోడ మూల వెతికి, గాలి తగలని ఒకే ఒక చోట గుర్తుగా సున్నంతో గీత గీశాడు.

జూన్ 26

సాయంత్రం అందరూ పడమటి దిక్కుకు తిరిగి నిలబడ్డారు. మబ్బు. అరగంట చూసి ఎవరి పనికి వాళ్లు వెళ్లిపోయారు. ఎనిమిది దాటాక ఎవరికో ఫోన్ వచ్చింది, నెల కనపడిందని. అంతే, తాత స్నానం చేసి తాళంచెవి తీసుకుని బయలుదేరాడు.

చాంద్రమాన సంవత్సరానికి 354 లేదా 355 రోజులు. అందుకే మొహర్రం ఏటా పది పదకొండు రోజులు ముందుకు జరుగుతూ వస్తుంది. తాత చిన్నప్పుడు ఒకసారి సంక్రాంతి చలిలో గుండం తొక్కినట్టు గుర్తు చేసుకున్నాడు. ఈ ఏడు మాత్రం విత్తనాల సమయానికి వచ్చింది. చెనక్కాయ విత్తడానికి పదును వాన కోసం ఊరంతా ఆకాశం వైపు చూస్తోంది. అందుకే కాబోలు, ఎవరిని కదిలించినా ఈసారి మొక్కు వానదే.

పెట్టె తెరవడం తీయనివ్వలేదు. బయటే ఉన్నాం. చింతపండుతో తోమి, కడిగి, ఊదు పొగ పట్టి, కర్రలకు బిగించి నిలబెట్టాకే రమ్మన్నారు. అయిదు పీర్లు. మధ్యలోది పంజా, అయిదు వేళ్ల హస్తం. ప్రవక్త, ఫాతిమా, అలీ, హసన్, హుసేన్. ఆ అయిదుగురే ఆ వేళ్లు. తక్కినవి ఆకు ఆకారంలో ఉన్నాయి. కొత్తగా తోమిన ఇత్తడి మీద ట్యూబ్‌లైటు వెలుగు పడి ఎక్స్‌పోజరంతా ఎగిరిపోయింది. తెల్లటి మచ్చ తప్ప ఏమీ లేదు. మొదటి దర్శనం నా కార్డులో అలాగే ఉంది.

జులై 1

నాలుగు రోజులుగా ఇంటర్వ్యూలు. అన్నీ పనికిరానివే. ఎందుకో రాసుకోవాలి.

కుర్చీ వేసి, వెనకాల చావిడి కనపడేలా కూర్చోబెట్టి, కాలర్ మైకు తగిలించి అడుగుతున్నాను: "మీరు హిందువులు కదా, ఈ స్వామిని ఎందుకు నమ్ముతారు?"

"నమ్మకమే కదప్పా."

తర్వాత నిశ్శబ్దం. నేను చూస్తాను, ఆయన చూస్తాడు, మధ్యలో కోడి అరుస్తుంది. ఇంకొకాయన, చదువుకున్నాయన, మైకు చూడగానే గొంతు సవరించుకుని "హిందూ ముస్లిం భాయీ భాయీ అనడానికి మా గ్రామం నిదర్శనం" అని ఒక నిమిషం పాటు ఆగకుండా చెప్పాడు. సరిగ్గా నా ప్రతిపాదనలోని భాష. వింటుంటే సిగ్గేసింది. ఆ మాట ఆయనకు నాలాంటివాళ్లే అంటించి ఉంటారు.

నిన్న రాత్రి పని అయిపోయిందని కెమెరా సర్దేశాం. రికార్డరు మాత్రం ఆపడం మరిచిపోయాడు తమ్ముడు. గుండం గట్టున ఒకామె కట్టెలు పేరుస్తోంది. మాటవరసకు అడిగాను, "అక్కా, ఈ మొద్దు ఎవరి చేన్లోది?" అని.

నలభై నిమిషాలు మాట్లాడింది. ఆ మొద్దు వాళ్ల చేన్లోని వేపచెట్టుదట. ఏటా ఒక మొద్దు ఇస్తామని వాళ్ల అత్త మొక్కుకుందట. ఆమెకు ముగ్గురు బిడ్డలు పుట్టి పోయారు. నాలుగోవాడు నిలిచాడు, వాడికి హుసేనప్ప అని పేరు పెట్టుకున్నారు. ఇప్పుడు ఈమె భర్త అతనే. అత్త పోయి పదేళ్లయింది. ఈమెకు మొక్కుతో సంబంధం లేదు, కానీ "ఆయమ్మ వంతు నాకొచ్చింది" అంది. చెట్టు ముసలిదైపోతోందనీ, ఇంకెన్ని మొద్దులు వస్తాయోననీ, పక్కనే ఒక మొక్క నాటాననీ, మేకలు తిన్నాయనీ, మళ్లీ నాటాననీ.

హుసేనప్ప, కుళ్లాయప్ప, ఫకీరప్ప, దస్తగిరి. రాయలసీమ రేషన్ కార్డుల్లో ఈ పేర్లు ఏ మతం వాళ్లవో చెప్పడం కష్టం. ఇది తెలియని సంగతేం కాదు. కానీ ఆ పేరు వెనక మూడు చిన్న సమాధులున్నాయని, ఒక చెట్టుందని ఇంటర్వ్యూ కుర్చీలో ఎవరూ నాకు చెప్పలేదు. నేను అడగలేదు కాబట్టి.

ఈరోజు నుంచి కుర్చీ బంద్. "ఎందుకు" అనే మాటే బంద్. ఇక ముగ్గురం అడగాల్సినవి ఇవే: ఇది ఎవరి వంతు? మీకు ఎవరు నేర్పారు? మీరు లేని ఏడాది ఎవరు చేశారు?

మధ్యాహ్నం ఈ మూడో ప్రశ్నతో తాతను కదిలించాను. కరోనా ఏడాది జనం లేకుండా, దీపం మాత్రం వెలిగించి, తానొక్కడే ఫాతెహా ప్రార్థన చదివి తలుపు మూశాడట. పీరుకు మొక్కుగా కట్టే గుడ్డను దట్టీ అంటారు. "ఆ ఏడు సామికి ఎవరూ దట్టీ కట్టలేదు. ఒట్టి కర్రమాదిరి నిలబడుకున్నాడు" అని చెప్పి చాలాసేపు ఏమీ మాట్లాడలేదు. నమ్మకం గురించి నేను అడగకుండా వచ్చిన మొదటి జవాబు ఇదే అనుకుంటా.

జులై 3

ఏడో దినం. చిన్న ఊరేగింపు.

తెలియనివాళ్ల కోసం రెండు ముక్కలు. క్రీ.శ. 680లో, ఇప్పటి ఇరాక్‌లోని కర్బలా మైదానంలో ప్రవక్త మనవడు హుసేన్‌నూ ఆయన వెంట ఉన్నవాళ్లనూ యజీద్ సైన్యం చంపింది. అంతకు మూడు రోజుల ముందు నుంచి వాళ్లకు యూఫ్రటీస్ నీళ్లు అందనివ్వలేదు. అందుకే మొహర్రంలో ఎక్కడ చూసినా దాహం తీర్చడమే పుణ్యం. ఇక్కడ బెల్లం పానకం, కుండల్లో. హసన్ కొడుకు కాసీంకు ఆ మైదానంలోనే పెళ్లి జరిగిందని జనం చెప్పుకునే కథ. అందుకే దూలా అనే పిలుపు, అంటే పెళ్లికొడుకు. తెలంగాణ ఊళ్లలో పీర్ల పండుగకు వినిపించే "అస్సోయ్ దూలా" కేకలో ఉన్నదీ ఆ పెళ్లికొడుకే. ఇక్కడ పీరు వీధిలోకి రాగానే ఆడవాళ్లు బిందెలతో నీళ్లు తెచ్చి, పీరును ఎత్తుకున్నవాడి కాళ్ల మీద పోస్తారు. చక్కెర చదివింపులు, అంటే చక్కెర మీద ఫాతెహా చదివించడం, చేయించుకుంటారు. మొక్కున్నవాళ్లు దట్టీ తెచ్చి పీరుకు కడతారు. ఎరుపు, పచ్చ, పసుపు గుడ్డ పేలికలు, కొన్నిటికి జరీ అంచు.

తప్పెట్ల చప్పుడుకు రికార్డరు తట్టుకుంటుందో లేదోనని టెన్షన్ పడ్డాం. 32 బిట్ ఫ్లోట్‌లో రికార్డు చేస్తున్నాం కాబట్టి రికార్డరుకు ఢోకా లేదు, కానీ మైకే ముందు చేతులెత్తేస్తుంది. ఈ సంగతి అమ్మేవాళ్లు చెప్పరు. తమ్ముడు మైకును రెండు గజాలు వెనక్కి జరిపాడు.

ఊరేగింపు ఆగినప్పుడు తప్పెట కొట్టే పెద్దాయన దగ్గర కూర్చున్నాను. నలభై ఏళ్లుగా కొడుతున్నాడట. లోపల పీర్లను ఎక్కడ నిలబెడతారో, ఏది ఏ వరుసలో ఉంటుందో అడిగితే వివరంగా చెప్పాడు. చూశారా అంటే, "మేము లోపలికి పోం సార్. మాది బయట కొట్టే వంతు" అన్నాడు. కోపంగా అనలేదు, తప్పెట కాపుకుంటూ మామూలుగా అన్నాడు.

వంతు అనే మాట మొన్నటి నుంచి నాకు తెగ నచ్చేసింది. రాత్రి పడుకున్నాక ఆ మాట అవతలి వైపు కూడా కనపడింది. హిందువూ ముస్లిమూ కలిసి మోస్తున్న పీరును, నలభై ఏళ్లుగా దాని ముందు నడుస్తున్న మనిషి గడప లోపల చూడలేదు. "సామరస్యం" అని టైటిల్ వేసేసి ఉంటే ఈ మనిషి ఒట్టి సౌండ్‌ట్రాక్‌గా మిగిలిపోయేవాడు.

జులై 5 రాత్రి, 6 తెల్లవారుజాము

ఇది నిద్ర లేకుండా రాస్తున్నాను, తప్పులుంటే తర్వాత చూసుకుంటాను.

పది గంటలకు గుండం అంటించారు. నిప్పును తీయడంలో చిక్కేమిటంటే, మంటకు ఎక్స్‌పోజర్ సరిచేస్తే ముఖాలు చీకటి, ముఖాలకు సరిచేస్తే మంట తెల్లటి మరక. నేను మంటనే నమ్ముకున్నాను. మనుషులు నిప్పు దగ్గరికి వచ్చినప్పుడు వాళ్లే వెలుగులోకి వస్తారు, వెనక్కి వెళితే చీకట్లో కలిసిపోతారు. వైట్ బ్యాలెన్స్ ఆటోలో వదిలితే కెమెరా ఆ ఎరుపునంతా ఏదో పొరపాటనుకుని చల్లార్చేస్తుంది. 5600 కెల్విన్ దగ్గర కదలకుండా పెట్టేశాను.

నాలుగున్నరకు మంట తగ్గి నిప్పులు మిగిలాయి. చేటలతో ఉప్పు చల్లారు. పీర్లు బయటికి వచ్చాయి. దట్టీలు ఇప్పుడు ఎంత దట్టంగా ఉన్నాయంటే ఇత్తడి కొస మాత్రం బయటికి కనపడుతోంది. మొదటి పీరు ఎత్తుకున్నది తాత మనవడు. బెంగళూరులో ఉద్యోగం. నిన్న రాత్రే బస్సు దిగాడు. వారమంతా అతని గురించి ఇంట్లో గొణుగుడు వింటూనే ఉన్నాను. ఇదంతా ఇస్లాంలో లేదని స్నేహితులు చెప్పారట, ఈసారి ఎత్తనన్నాడట. తాత ఏమీ అనలేదట, పీరుకు కట్టే తెల్లగుడ్డ మడిచి అతని పక్కన పెట్టి వెళ్లాడట, అంతే.

ఎత్తాడు. గుండం ముందు ఆగాడు. నేను అటువైపు గట్టున మోకాళ్ల మీద ఉన్నాను, వేడికి కనుబొమలు చుర్రుమంటున్నాయి. అతను కళ్లు మూసుకోలేదు. అందరూ మూసుకుంటారు లేదా పైకి చూస్తారు. ఇతను కిందికి, నిప్పుల వైపు, ఎక్కడ కాలు పెట్టాలో లెక్క వేసుకుంటున్నట్టు చూశాడు. తర్వాత తాత వైపు. తర్వాత నడిచాడు. పదకొండు సెకన్లు. ఇరవై ఏళ్లలో నేను తీసిన అన్ని షాట్లలో ఇదే మంచి షాటని అక్కడే తెలిసిపోయింది. చేతులు వణికాయి కానీ ఫోకస్ నిలబడింది.

తర్వాత జనం గుండం మీద పడ్డారు, బూడిద కోసం. పొట్లాలు కట్టుకుని ఇళ్లకు తీసుకెళతారు. మా లెన్సు మీద కూడా పడింది. తుడుస్తుంటే ఒక అవ్వ చేయి పట్టుకుని ఆపి, ఆ బూడిద వేలితో తీసి నా నుదుటిన పెట్టింది.

జులై 6 సాయంత్రం

జలధి. పీర్లు చెరువుకు వెళ్లాయి. చెరువులో నీళ్లు లేవు, ట్రాక్టరు మీద ట్యాంకరు తెప్పించారు. దట్టీలు ఒక్కొక్కటే విప్పారు. వచ్చేటప్పుడు తప్పెట్లు లేవు, పీర్లను పడుకోబెట్టి, పైన గుడ్డ కప్పి భుజాల మీద తెచ్చారు. ఎవరూ గట్టిగా మాట్లాడలేదు. రెండు కెమెరాలూ దూరంగా పెట్టాం. దీని గురించి ఇంతకంటే రాయబుద్ధి కావడం లేదు.

వాన రాలేదు.

ఆగస్టు 17

లాగింగ్, అంటే తీసినదంతా చూసి జాబితా రాసుకోవడం. రెండు కెమెరాలూ కలిపి 31 గంటల ఫుటేజీ. గంటకు 45 జీబీ లెక్కన దాదాపు 1.4 టీబీ. రెండు హార్డ్ డిస్కుల్లో రెండు కాపీలు, మూడోది తమ్ముడి ఇంట్లో. మాటలన్నీ కాగితం మీదికి ఎక్కించడానికి మూడు వారాలు పట్టింది. సీమ యాస అర్థమయ్యే మనిషి కావాలి కదా. యంత్రంతో చేయించి చూస్తే "చదివింపులు" అన్నచోటల్లా "చదువులు" అని వచ్చింది. చదువుల కోసం చక్కెర పంచుతున్న ఊరైపోయింది.

కుర్చీ ఇంటర్వ్యూలు ఆరు గంటలు. ఒక్క నిమిషం కూడా వాడుకోలేదు.

సెప్టెంబర్ 14

మనవడు ఫోన్ చేశాడు.

"అన్నా, నా షాట్ తీసేయండి. మీరు మాటిచ్చినారు."

ఎందుకని అడగబోయి ఆగాను. అతనే చెప్పాడు. తాత కోసం ఎత్తాను, ఆ మాట తాతకు తెలుసు, నాకు తెలుసు, తెర మీద చూసేవాళ్లకు తెలియదు. మా స్నేహితులకు ఒకలా కనపడతాను, ఊరికి ఇంకోలా కనపడతాను, రెండూ నేను కాదు. ఇంత స్పష్టంగా నా సినిమా గురించి నేనే చెప్పలేను.

ముఖం కనపడకుండా మసక చేస్తానన్నాను. ఊళ్లో నడక చూసి గుర్తుపడతారన్నాడు. నిజమే. రెండు రోజులు నాకు నేను సర్దిచెప్పుకున్నాను: రాతపూర్వక ఒప్పందం లేదు, సార్వజనిక ఉత్సవం, చట్టం నా వైపే ఉండొచ్చు. మూడో రోజు తీసేశాను. పదకొండు సెకన్లే. కానీ గుండం సీక్వెన్స్ మొత్తం ఆ షాట్ మీదే నిలబడి ఉంది. అది పోయాక ఇంటి మధ్య స్తంభం తీసేసినట్టుంది.

ఖాళీని పూడ్చడానికి రకరకాలుగా చూశాను. చివరికి దీపం వెలుగులో పీరు దగ్గరి నుంచి కనిపించే ఒక షాట్ దొరికింది. నెమ్మదిగా ఊగుతోంది, వెనకాల చీకటి. గుండం ముందు క్షణంలా సరిగ్గా అతికింది. అది ఏడో దినం ఊరేగింపులోది. ఎవరికి తెలుస్తుందిలే అనుకున్నాను. ఎడిటింగ్ చేసేవాళ్లందరూ ఆడే అబద్ధమే కదా.

నవంబర్ 23

రఫ్ కట్, అంటే సినిమా తొలి కూర్పు, ఊరికి చూపించాం. 74 నిమిషాలు. చావిడి గోడకు తెల్ల దుప్పటి కట్టి, అద్దె ప్రొజెక్టరు. తప్పెట పెద్దాయన, ఆయన వాళ్లు కూడా వచ్చి రచ్చకట్ట దిగువన కూర్చున్నారు. అక్టోబరులో పడిన వానలకు చెరువులో మోకాలి లోతు నీళ్లు. కప్పలు ఒకటే గోల.

వేపమొద్దు అక్క తన మాటలు తానే వింటూ కొంగు నోటికి అడ్డం పెట్టుకుని నవ్వింది. పిల్లలు తమ ముఖాలు కనపడినప్పుడల్లా కేకలు. గుండం సీక్వెన్స్ మొదలైంది. నా దొంగ షాట్ వచ్చింది.

"ఇది పదో దినం కాదే" అన్నాడు తాత.

ఇంకొకరు, "ఔ, ఇది ఏడోది." వెనక నుంచి ఒక ఆడగొంతు, "దట్టీలు చూడండి, మూడే ఉండాయి. మా దట్టీ యాడ? మేము తొమ్మిదోనాడు కట్టినాం." ఆ తర్వాత సినిమా ఎవరూ చూడలేదు. ఏ దట్టీ ఎవరిది, ఏనాడు కట్టింది, ఎరుపుది కొడుకు ఆపరేషన్‌కు మొక్కిందా, బోరులో నీళ్లకు మొక్కిందా అని చర్చ. నేను ప్రొజెక్టరు ఆపి నిలబడ్డాను. ఎడిటింగ్ టేబుల్ మీద నాకు రంగు గుడ్డలుగా కనపడినవి వాళ్లకు పేర్లతో సహా క్యాలెండరు.

తాతకు నిజం చెప్పాను. మనవడి షాట్ తీసేస్తే గుంత పడింది, అందుకే ఇది పెట్టాను అని. ఆయన చాలాసేపు దుప్పటి వైపు చూశాడు. "వాడు చెప్పినాడు నాకు" అన్నాడు. "గుంత ఉంటే ఉండనీ."

తిరుగు ప్రయాణంలో తమ్ముడు ఒక సంగతి గుర్తు చేశాడు. గుండం రాత్రి రెండో కెమెరా అరగంట సేపు తప్పెట వాళ్ల పక్కనే ఉంది. అక్కడి నుంచి చూస్తే గుండం కనపడదు, జనం వీపులే. వీపుల పైన ఎర్రటి వెలుగు, అప్పుడప్పుడూ ఒక పీరు కొస. ముందువరస జనం కేక వేసినప్పుడు పెద్దాయన దెబ్బ మారుస్తాడు. ఏం జరిగిందో ఆయన చూడలేదు, కానీ ఆయన చేతికి తెలుసు. ఆ వీపుల షాట్‌ను ఖాళీలో పెట్టి చూశాను. స్తంభం కాదు, కానీ కప్పు కూలలేదు. ఇంకా రెండుసార్లు చూడాలి.

నవంబర్ 30

ప్రతిపాదన కొత్తగా రాసి పంపాను. పాత మాట తీసేశాను. డబ్బిచ్చేవాళ్లు ఇంకా ఏమీ అనలేదు.

టైమ్‌లైన్ మొదటి నుంచి తిప్పుతున్నాను. క్లిప్పులకు కెమెరా ఇచ్చిన నంబర్లు తీసేసి, మధ్య పీరు మీద దట్టీలు లెక్కపెట్టి పేర్లు పెడుతున్నాను. మూడో దినం, ఒకటి. ఏడో దినం, మూడు. ఎనిమిదో దినం పొద్దున, తొమ్మిది. తాతకు వాట్సాప్‌లో స్టిల్ ఫొటోలు పంపితే, చదువు రాకపోయినా, వాయిస్ మెసేజ్‌లో సరిచేసి పంపుతున్నాడు. ఇప్పటికి 212 క్లిప్పులు అయ్యాయి. తొమ్మిదో రాత్రివి మిగిలాయి. అక్కడ ఊదు పొగలో దట్టీలు సరిగా కనపడడం లేదు.